సర్వర్‌లో సాఫ్ట్‌వేర్ కనెక్ట్ అవట్లేదా, రౌటర్ ఆఫ్ చేసే ముందు ఎక్కడ ఆగిందో చూడండి

విజయవాడ గవర్నర్‌పేటలో ఆడిట్ ఆఫీసులు, గుంటూరు మిర్చి యార్డులో కమిషన్ షాపులు, ఆటోనగర్‌లో స్పేర్ పార్ట్స్ వాళ్ళు, ఇప్పుడు చాలామందిది ఒకటే పద్ధతి అయిపోయింది, సాఫ్ట్‌వేర్ అంతా ఒక సర్వర్‌లో ఉంటుంది, స్టాఫ్ ఏమో బ్రాంచి నుంచో ఇంటి నుంచో దానికి కనెక్ట్ అయ్యి ఎంట్రీలు కొట్టుకుంటారు. కొందరిది మైక్రోసాఫ్ట్ రిమోట్ డెస్క్‌టాప్, దాంట్లోనే ఒక్క సాఫ్ట్‌వేర్ విండో మాత్రమే కనపడే రిమోట్‌యాప్, కొందరిది సిట్రిక్స్, పెద్ద కంపెనీలకి ఇంటి దగ్గర్నుంచి పనిచేసే పిల్లలకి హొరైజన్ ఉంటుంది. పేర్లు వేరే గానీ లోపల జరిగేది దాదాపు ఒకటే, ఎర్రర్లు కూడా దాదాపు ఆ నాలుగైదు చోట్లే వస్తాయి.

ఎర్రర్ రాగానే మనోళ్ళు చేసే మొదటి పని రౌటర్ ఆఫ్ చేసి ఆన్ చెయ్యడం, తర్వాత సిస్టం రీస్టార్ట్, అదీ అవకపోతే సాఫ్ట్‌వేర్ తీసేసి మళ్ళీ ఇన్‌స్టాల్. ఒక్కోసారి పనైపోద్ది, నేను కాదనను. కానీ ఎందుకు పోయిందో ఎందుకొచ్చిందో తెలీదు కాబట్టి అదే ఎర్రర్ మళ్ళీ 20వ తారీఖు సాయంత్రం, జిఎస్‌టిఆర్-3బి, అంటే నెలవారీ జిఎస్‌టి రిటర్న్, వెయ్యాల్సిన టైంలో వచ్చి కూర్చుంటుంది, అప్పుడు రౌటర్ ఎన్నిసార్లు ఆపినా రాదు. అందుకే ఏదీ కదిలించకముందు కనెక్షన్ ఏ మెట్టు దగ్గర ఆగిందో పట్టుకోండి అని మా దగ్గర కొత్తగా చేరిన పిల్లలకి కూడా చెప్తుంటాను, అదొక్కటి పట్టుకుంటే మిగతాది పది నిమిషాల పని.

మెట్లు ఏంటంటే, నరసరావుపేట వైపు నుంచి టిక్కీలు వేసుకుని యార్డుకి వచ్చే లారీని అనుకోండి, ముందు యార్డు ఎక్కడుందో తెలియాలి, రోడ్డు తెరిచి ఉండాలి, గేటు దగ్గర కాగితాలు సరిగ్గా ఉండాలి, లోపలికెళ్ళాక దించడానికి షాపు ముందు చోటుండాలి. ఇక్కడ కూడా అంతే, ముందు సర్వర్ పేరు నుంచి ఐపి అడ్రస్, అంటే నెట్‌వర్క్‌లో దాని నంబరు, దొరకాలి, ఆ ఐపిలో సాఫ్ట్‌వేర్ వాడే తలుపు లాంటి పోర్టు దాకా దారి ఉండాలి, సర్వర్ అసలైనదేనని చూపే సర్టిఫికెట్, యూజర్ నేమ్, పాస్‌వర్డ్ ఒప్పుకోవాలి, చివరికి సర్వర్‌లో లైసెన్సు, ఖాళీ సెషన్ ఉండాలి. ఎర్రర్ మెసేజ్ చదివితే చాలాసార్లు ఏ మెట్టో అదే చెప్పేస్తుంది, మనం చదవకుండా ఓకే కొట్టేస్తాం అంతే.

ఫోన్‌లో అడగాల్సినవి

మామూలుగా వచ్చే కాల్ ఇలా ఉంటుంది.

"సార్, సాఫ్ట్‌వేర్ ఓపెన్ అవట్లేదండి."

"స్క్రీన్ మీద ఏమని వస్తుందమ్మా?"

"ఏదో ఎర్రర్ అండి, ఓకే కొట్టేశాను."

"ఈసారి కొట్టకుండా ఫోటో తీసి పెట్టు. పక్క సీట్లో అక్కకి ఓపెన్ అవుతుందా?"

"ఆవిడకి వస్తుందండి, నాకే రావట్లేదు."

"సరే, నీ ఫోన్‌లో హాట్‌స్పాట్ ఆన్ చేసి, సిస్టంని దానికి కలిపి ఒకసారి చూడు."

ఇంతే, కానీ దీంట్లో సగం పని అయిపోయింది. ఎవరికీ రావట్లేదంటే సర్వర్ వైపో ఆఫీసు ఇంటర్నెట్ వైపో చూడాలి, ఒక్కరికే రావట్లేదంటే వాళ్ళ సిస్టమో వాళ్ళ నెట్టో వాళ్ళ యూజర్ ఐడీనో. హాట్‌స్పాట్‌లో వచ్చి వైఫైలో రాకపోతే సిస్టం జోలికి పోవాల్సిన పని లేదు, ఆ వైఫై సంగతి చూడండి. హాట్‌స్పాట్‌లో కూడా రాకపోతే, అదే సిస్టంలో వేరే వాళ్ళ ఐడీతో ఒకసారి చూడండి, దాంతో ఐడీ గొడవా సిస్టం గొడవా తేలిపోద్ది. ఇంకోటి తప్పకుండా అడగాలి, నిన్నటికీ ఇవాల్టికీ ఏం మారింది అని. కొత్త రౌటర్ పెట్టారా, పాస్‌వర్డ్ మార్చారా, కరెంటు పోయి వచ్చిందా, విండోస్ అప్‌డేట్ పడిందా. మైక్రోసాఫ్ట్ నెలనెలా ఇచ్చే సెక్యూరిటీ అప్‌డేట్లు నెలలో రెండో మంగళవారం వస్తాయి, మనకి అప్పటికి రాత్రి అవుద్ది, కాబట్టి బుధవారం పొద్దున ఆఫీసు తెరవగానే గొడవ మొదలైతే అదొకటి మనసులో పెట్టుకోండి.

పేరు దొరకట్లేదు

రిమోట్ డెస్క్‌టాప్ కాంట్ ఫైండ్ ద కంప్యూటర్ అనో, ఫోన్‌లో మ్యాక్‌లో అయితే 0ఎక్స్104 అనో వస్తే ఇది మొదటి మెట్టు. కమాండ్ ప్రాంప్ట్ తెరిచి ఎన్ఎస్‌లుకప్ అని కొట్టి, స్పేస్ ఇచ్చి, సర్వర్ పేరు కొట్టండి. ఐపి రాకపోతే పేరుకి ఐపి చెప్పే డిఎన్ఎస్ సంగతి, లేదా బయట నుంచి ఆఫీసు నెట్‌వర్క్‌లోకి సొరంగంలా దారి వేసే విపిఎన్ ఆన్ చెయ్యడం మర్చిపోయి ఉంటారు, ఆఫీసు లోపలి పేర్లు బయట నెట్‌కి తెలీవు కదా. ఐపి వచ్చినా అది కరెక్ట్ ఐపినా కాదా అనేది చూడాలి. ఆఫీసులో స్టాటిక్ ఐపి లేకపోతే రౌటర్ రీస్టార్ట్ అయినప్పుడల్లా బయటి ఐపి మారిపోవచ్చు, మారే ఐపిని ఒకే పేరుకి కలిపే డైనమిక్ డిఎన్ఎస్ పెట్టుకున్న వాళ్ళకి ఆ కొత్త ఐపి వెంటనే అప్‌డేట్ అవకపోతే పేరు పాత ఐపినే చూపిస్తుంటుంది. ఆఫీసులో ఉన్నవాళ్ళ చేత రౌటర్ స్టేటస్ పేజీ తెరిపించి వ్యాన్ ఐపి, అంటే రౌటర్‌కి బయటి వైపు ఉన్న ఐపి, చదివించుకోండి, రెండూ ఒకటే అయితే ఈ మెట్టు దాటేసినట్టే. వేరే అయితే ఐప్‌కాన్ఫిగ్ పక్కన స్లాష్ ఫ్లష్‌డిఎన్ఎస్ కొట్టి కాసేపు ఆగి చూడండి.

ఆ వ్యాన్ ఐపి చదివించేటప్పుడు ఇంకో సంగతి బయటపడుద్ది. అది 100.64 నుంచి 100.127 లోపు మొదలైతే, లేదా మొదటి సంఖ్య 10 అయితే, మీ రౌటర్‌కి అసలు సొంత పబ్లిక్ ఐపి లేదు, ఇంటర్నెట్ వాళ్ళు ఒకే ఐపిని చాలామందికి పంచి ఇస్తున్నారు. దీన్ని సిజిన్యాట్ అంటారు. అలాంటి లైన్ మీద మీ రౌటర్‌లో బయట నుంచి వచ్చినవాళ్ళని సర్వర్‌కి పంపే పోర్ట్ ఫార్వర్డింగ్‌లు ఎన్ని పెట్టినా బయట నుంచి లోపలికి ఎవరూ రాలేరు. లైన్ మార్చిన తర్వాతో ప్లాన్ మార్చిన తర్వాతో అంతకుముందు బ్రహ్మాండంగా పనిచేసింది ఒక్కసారిగా ఆగిపోయిందంటే చాలాసార్లు ఇదే. స్టాటిక్ ఐపి అడిగి తీసుకోవాలి, లేకపోతే ఆఫీసు నుంచే బయటికి కనెక్షన్ వేసుకునే రకం విపిఎన్ పెట్టుకోవాలి, మామూలుగా ఈ రెండే దారులు.

దారి మూసుకుంది

ఐపి కరెక్టే గానీ కనెక్ట్ అవట్లేదు, 0ఎక్స్204 అని వస్తుంది. మొదట అందరూ పింగ్, అంటే సర్వర్ పలుకుతుందా అని అడిగే కమాండ్, కొడతారు, పింగ్ రాకపోతే సర్వర్ పోయిందని కంగారు పడతారు. అనుమతి లేని కనెక్షన్లని ఆపే ఫైర్‌వాల్స్ చాలావరకు పింగ్‌కి జవాబివ్వవు, అది రాకపోయినంత మాత్రాన సర్వర్ ఆగిపోయినట్టు కాదు, వచ్చినంత మాత్రాన పోర్టు తెరిచినట్టూ కాదు. చూడాల్సింది పోర్టు. పవర్‌షెల్ తెరిచి టెస్ట్-నెట్‌కనెక్షన్, సర్వర్ పేరు, తర్వాత హైఫన్ పోర్ట్, నంబరు, ఇలా కొడితే చివర్లో టిసిపి టెస్ట్ సక్సీడెడ్ ట్రూనా ఫాల్సా అని చెప్తుంది. రిమోట్ డెస్క్‌టాప్‌కి 3389, గేట్‌వే అనే మధ్య సర్వర్ ద్వారా వెళ్ళేవాళ్ళకి 443, సిట్రిక్స్‌కి లోపల 1494, 2598, హొరైజన్‌లో స్క్రీన్ పంపే పద్ధతుల్లో బ్లాస్ట్‌కి 8443, పిసిఓఐపికి 4172.

ఫాల్స్ వస్తే ఆఫీసులోనే ఉన్న ఇంకో సిస్టం నుంచి అదే టెస్ట్ కొట్టించండి. అక్కడ ట్రూ వస్తే సర్వర్ బాగానే ఉంది, రౌటరో ఫైర్‌వాలో మధ్యలో ఆపుతుంది. అక్కడా ఫాల్స్ అయితే సర్వర్ దగ్గరకే వెళ్ళి చూడాలి, సిస్టం స్లీప్‌లోకి పోయి ఉండొచ్చు, రిమోట్ డెస్క్‌టాప్ సర్వీస్ ఆగి ఉండొచ్చు, సి డ్రైవ్ ఎర్రగా నిండిపోయి సర్వర్ గింజుకుంటూ ఉండొచ్చు.

మన దగ్గర కరెంటు పోయి వచ్చాకో రౌటర్ మార్చాకో వచ్చే గొడవలు రెండు ఉన్నాయి, మొదటిది వేసవిలో మరీ ఎక్కువ. ఒకటి, సర్వర్‌కి ఆఫీసు లోపల ఫిక్స్‌డ్ ఐపి ఇవ్వకుండా వదిలేస్తారు. కరెంటు వచ్చాక రౌటర్ మళ్ళీ ఐపిలు పంచుద్ది, నిన్నటిదాకా 10తో ముగిసే ఐపి ఉన్న సర్వర్‌కి ఇవాళ 14 వచ్చిద్ది, పాత 10 ఏ ప్రింటర్‌కో సిసిటివికో పోద్ది. అందరి డెస్క్‌టాప్ మీదా ఉన్న షార్ట్‌కట్ ఇంకా 10కే వెళ్తుంటుంది. రౌటర్‌లో సర్వర్ మ్యాక్ అడ్రస్‌కి, అంటే ఆ మెషీన్‌కి ఉండే సొంత గుర్తింపు నంబరుకి, ఐపి రిజర్వ్ చేసేస్తే ఈ బాధ జన్మలో రాదు. రెండోది, కొత్త రౌటర్ పెట్టినప్పుడు విండోస్ దాన్ని కొత్త నెట్‌వర్క్ అనుకుని పబ్లిక్ ప్రొఫైల్‌లో పెట్టేస్తుంది, రిమోట్ డెస్క్‌టాప్ ఫైర్‌వాల్ రూల్ ఏమో ప్రైవేట్‌కో డొమైన్‌కో మాత్రమే ఆన్ చేసి ఉండొచ్చు, దాంతో సర్వర్ చక్కగా నడుస్తున్నా తలుపు మూసుకుంటుంది. సెట్టింగ్స్‌లో నెట్‌వర్క్ ప్రొఫైల్ ప్రైవేట్ చేస్తే వెంటనే వచ్చేస్తుంది. ఇంకో చిన్న సాయం, సర్వర్ బయోస్‌లో కరెంటు వచ్చాక దానంతటదే ఆన్ అయ్యే ఆప్షన్ ఉంటుంది, అది పెట్టుకోండి, లేకపోతే ఆదివారం రాత్రి కరెంటు పోతే సోమవారం ఎవరో వెళ్ళి బటన్ నొక్కేదాకా గుంటూరు బ్రాంచి ఖాళీగా కూర్చోవాల్సిందే. యూపీఎస్‌కి సర్వర్ ఒక్కటే కాదు, రౌటరు, ఫైబర్ బాక్సు, స్విచ్చి కూడా కలపండి, సర్వర్ నడుస్తూ రౌటర్ ఆగిపోతే బయట వాళ్ళకి రెండూ ఒకటే.

ఇక్కడే ఒక మాట గట్టిగా చెప్పాలి. కనెక్ట్ అవట్లేదని రౌటర్‌లో 3389 నేరుగా ఇంటర్నెట్‌కి తెరిచేసేవాళ్ళు ఇంకా ఉన్నారు, దయచేసి ఆ పని చెయ్యొద్దు. తెరిచిన పోర్టుల కోసం రాత్రీపగలూ వెతికే ప్రోగ్రాములు ఉంటాయి, తెరిచాక సర్వర్‌లో జరిగినవన్నీ రాసి ఉండే ఈవెంట్ వ్యూయర్ సెక్యూరిటీ లాగ్ చూడండి, 4625 అనే ఫెయిల్డ్ లాగిన్లు వరసపెట్టి పడుతుంటాయి, అడ్మినిస్ట్రేటర్, యూజర్, టెస్ట్ అని ఎవడో పేర్లు మార్చి మార్చి కొడుతుంటాడు. 2019 మే నెలలో బయటపడ్డ బ్లూకీప్ లోపం అయితే పాస్‌వర్డ్ కూడా అక్కర్లేకుండా పాత విండోస్‌లలోకి దూరేది. పోర్టు నంబరు 3389 బదులు ఇంకోటి పెడితే చాలు అనేది కూడా తప్పు, అన్ని పోర్టులూ వెతుకుతారు. విపిఎన్ పెట్టండి, లేదా 443 మీద రిమోట్ డెస్క్‌టాప్ గేట్‌వే పెట్టండి. అలా దూరినవాడు కమిషన్ షాపు సీజన్ లెక్కలన్నీ ఒక్క రాత్రిలో లాక్ చేసేస్తే రైతులకి పట్టీలు ఏం చూపించి ఇస్తారు చెప్పండి.

విపిఎన్ కనెక్ట్ అయింది, సర్వర్ మాత్రం రాదు

ఇది చాలామందికి అంతుపట్టని గొడవ కాబట్టి కొంచెం ఆగి చెప్తాను. విపిఎన్ కనెక్టెడ్ అని పచ్చగా చూపిస్తుంది, సర్వర్ రాదు, అదే మనిషి హాట్‌స్పాట్ పెట్టుకుంటే వస్తుంది, బెంజ్ సర్కిల్ దగ్గర ఉండే ఇంకో స్టాఫ్‌కి ఇంట్లో వైఫైలోనే వస్తుంది. అందరూ ఆ మనిషి ఇంటి ఇంటర్నెట్‌ని తిడతారు. లైన్ బాగానే ఉంటుంది, ఐపిలు కొట్టుకుంటున్నాయి అంతే.

ఆఫీసు రౌటర్ బాక్స్‌లోంచి తీసి అలాగే తగిలించారు, దాని నెట్‌వర్క్ 192.168.1, సర్వర్ 192.168.1.10. ఇంట్లో రౌటర్ కూడా బాక్స్‌లోంచి తీసి అలాగే తగిలించారు, దానిదీ 192.168.1. ఇప్పుడు ఇంట్లో ఉన్న ల్యాప్‌టాప్‌కి 192.168.1.10 కి వెళ్ళమంటే, అది మన ఇంట్లోనే ఉంది కదా అనుకుని ఇంట్లోనే వెతుకుద్ది, విపిఎన్ వైపు పంపదు. ఇంట్లో ఆ ఐపితో టీవీనో ఫోనో ఉంటే దాని తలుపే కొడుతుంది. ఐప్‌కాన్ఫిగ్ కొట్టి వైఫై కింద ఉన్న ఐపిలో చుక్కల మధ్య ఉండే మొదటి మూడు సంఖ్యలూ సర్వర్ ఐపిలో మొదటి మూడు సంఖ్యలూ ఒకటేనేమో చూడండి, ఒకటే అయితే దొరికినట్టే.

ఒక్కరికే అయితే వాళ్ళింటి రౌటర్‌లో లాన్ ఐపి 192.168.77.1 లాగా ఏదో వాడకంలో లేనిది పెట్టి రీస్టార్ట్ చేస్తే సరిపోద్ది. కానీ నలుగురైదుగురికి వస్తుంటే ఆఫీసు వైపే మార్చాలి, 10.47.20 లాంటిది ఏదైనా, ఎవరింట్లోనూ మామూలుగా ఉండనిది. ఆఫీసువైపు మార్చేటప్పుడు శనివారం సాయంత్రం పెట్టుకోండి, ఎందుకంటే ప్రింటర్లు, వేలిముద్ర మెషీను, సిసిటివి డివిఆర్, వీటన్నిటికీ చేత్తో ఐపి కొట్టి ఉంటారు, ఒక్కొక్కటీ తిరిగి కొట్టాలి, ముందే ఒక కాగితం మీద పాతవి రాసుకోండి.

గేటు దగ్గర కాగితాలు

దారి ఉంది, లాగిన్ బాక్స్ వచ్చింది, లోపలికి రానివ్వట్లేదు. సర్టిఫికెట్ ఎర్రర్ అయితే ముందు కుడివైపు కింద టైము, తారీఖు చూడండి. పాత డెస్క్‌టాప్‌లలో మదర్‌బోర్డు మీద ఉండే చిన్న బ్యాటరీ అయిపోతే కరెంటు పోయినప్పుడల్లా తారీఖు ఏళ్ళు వెనక్కి పోద్ది, అప్పుడు సర్వర్ సర్టిఫికెట్ ఇంకా మొదలే కాలేదని సిస్టం అనుకుంటుంది. లాగిన్లన్నీ ఒకే చోట నుంచి చూసుకునే డొమైన్ ఉన్న ఆఫీసుల్లో అంతకూడా అక్కర్లేదు, సర్వర్‌కీ సిస్టంకీ మధ్య 5 నిమిషాలు దాటి తేడా ఉంటే లాగిన్‌ని సరిచూసే కెర్బెరోస్ ఒప్పుకోదు, సిట్రిక్స్ మెషీన్లు కూడా ఇదే కారణంతో అన్‌రిజిస్టర్డ్ అయిపోతాయి. టైం సరిచెయ్యండి, బ్యాటరీ మార్చండి. తారీఖు బాగానే ఉంటే సర్టిఫికెట్ నిజంగానే అయిపోయిందేమో చూడండి, లెట్స్ ఎన్‌క్రిప్ట్ వాళ్ళ మామూలు సర్టిఫికెట్లు 90 రోజులకే అయిపోతాయి, ఆటోమేటిక్ రెన్యువల్ ఆగిపోయినా ఎవరూ గమనించరు. పేరుతో తీసుకున్న సర్టిఫికెట్‌కి ఐపి కొట్టి వెళ్ళినా వార్నింగ్ వస్తుంది, పేరుతోనే వెళ్ళండి. సిట్రిక్స్‌లో ఎస్ఎస్ఎల్ ఎర్రర్ 61 అంటే ఆ సర్టిఫికెట్ ఇచ్చినవాళ్ళని మీ సిస్టం నమ్మట్లేదని, రూట్ సర్టిఫికెటో మధ్యలో ఇంటర్మీడియట్‌దో లేదని. అడ్మిన్ పెట్టాల్సింది అది. ప్రతి వార్నింగ్‌కీ యెస్ కొట్టడం అలవాటు చేసుకోవద్దు, రేపు దొంగ సర్వర్ వచ్చినా అలాగే యెస్ కొడతారు.

పాస్‌వర్డ్ సంగతులు చూస్తే, కరెక్ట్ పాస్‌వర్డ్ కొడుతున్నా తప్పంటుందంటే కీబోర్డ్ భాష చూడండి. తెలుగు ఇన్‌స్క్రిప్ట్ పెట్టుకున్న సిస్టమ్స్‌లో విండోస్ కీ, స్పేస్ పొరపాటున కలిసి పడితే భాష మారిపోద్ది, పాస్‌వర్డ్ బాక్స్‌లో చుక్కలే కదా కనపడేది, తెలీదు. నోట్‌ప్యాడ్‌లో ఏదో ఒక ముక్క కొట్టి చూస్తే తెలిసిపోద్ది. పాస్‌వర్డ్ గడువు అయిపోయిన వాళ్ళకి కూడా ఇదే తంటా, స్క్రీన్ రాకముందే పాస్‌వర్డ్ సరిచూసే నెట్‌వర్క్ లెవెల్ అథెంటికేషన్ ఆన్ చేసి ఉంటే బయటి నుంచి పాస్‌వర్డ్ మార్చుకునే స్క్రీనే రాదు, అడ్మిన్ మార్చి ఇవ్వాలి. కొత్త స్టాఫ్‌కి ఐడీ ఇచ్చేటప్పుడు మొదటి లాగిన్‌లో పాస్‌వర్డ్ మార్చుకోవాలి అని టిక్ పెడితే వాళ్ళు మొదటిరోజే బయట నిలబడతారు, అదీ ఇందుకే. అన్‌లాక్ చేసిన ఐడీ గంటకోసారి మళ్ళీ లాక్ అవుతుంటే ఎక్కడో పాత పాస్‌వర్డ్ సేవ్ అయి ఉంది, కంట్రోల్ ప్యానెల్‌లో క్రెడెన్షియల్ మేనేజర్ తెరిచి పాతవి తీసేయండి, ఆ మనిషి ఫోన్‌లో కూడా చూడండి.

క్రెడ్ఎస్ఎస్‌పి ఎన్‌క్రిప్షన్ ఒరాకిల్ రెమెడియేషన్ అని పెద్ద పేరుతో ఎర్రర్ వస్తే భయపడక్కర్లేదు. రిమోట్ డెస్క్‌టాప్ లాగిన్‌కి వాడే క్రెడ్ఎస్ఎస్‌పిలో ఉన్న ఒక లోపాన్ని 2018లో మైక్రోసాఫ్ట్ మూసేసింది, మే నెల అప్‌డేట్ నుంచి అప్‌డేట్ పడిన సిస్టం, పడని సర్వర్‌కి కనెక్ట్ అవ్వనంటుంది. అంటే మీ సర్వర్‌కి ఇన్నేళ్ళుగా అప్‌డేట్లు లేవు అని దానర్థం. సిస్టంలో రిజిస్ట్రీ మార్చి ఎర్రర్ పోగొట్టమని చెప్పే వీడియోలు బోలెడు, అలా చెయ్యకండి, సర్వర్‌కి అప్‌డేట్ వెయ్యండి.

సిట్రిక్స్ వాడే పిల్లలకి ఒకటి. బ్రౌజర్‌లో లాగిన్ అయ్యి యాప్‌లు కనపడి, నొక్కితే కనెక్షన్ వివరాలుండే ఐసిఏ ఫైల్ డౌన్‌లోడ్ అయ్యి ఊరుకుంటే, దాన్ని తెరిచే సిట్రిక్స్ వర్క్‌స్పేస్ యాప్ లేదనో ఆ ఫైల్‌ని దేంతో తెరవాలో సిస్టంకి తెలీదనో అర్థం. డౌన్‌లోడ్స్‌లో ఉన్న నిన్నటి ఐసిఏ ఫైల్ నొక్కితే రాదు, దాంట్లో ఉండే టికెట్ ఆ ఒక్కసారికే. హొరైజన్‌లో లాగిన్ అయ్యి నల్ల స్క్రీన్ వచ్చి కట్ అయిపోతుంటే పైన చెప్పిన 8443, 4172 పోర్టుల వైపు చూడండి.

లోపల చోటు లేదు

నో రిమోట్ డెస్క్‌టాప్ లైసెన్స్ సర్వర్స్ అవైలబుల్ అని వస్తే ఇది. విండోస్ సర్వర్‌లో రిమోట్ డెస్క్‌టాప్ సర్వీసెస్ పెట్టాక లైసెన్సులు లేకుండా 120 రోజులు నడుస్తుంది, పెట్టినవాళ్ళు చెప్పకుండా వెళ్ళిపోతారు, నాలుగు నెలల తర్వాత ఒక పొద్దున అందరికీ ఒకేసారి ఆగిపోద్ది. లైసెన్సులు కొని, పర్ యూజరా పర్ డివైసా అనేది కొన్నదాన్నిబట్టి సరిగ్గా సెట్ చెయ్యాలి. మామూలు విండోస్ 10, 11 ప్రోని సర్వర్‌లా వాడేవాళ్ళకి ఇంకో బాధ, దాంట్లో ఒకసారికి ఒక్కరే, రెండోవాళ్ళు వస్తే మొదటివాళ్ళు బయటికి పోతారు. దాన్ని ప్యాచ్ చేసి పదిమందికి తెరిచే ఫైళ్ళు దొరుకుతాయి, అవి లైసెన్సుకి విరుద్ధం, పైగా విండోస్ అప్‌డేట్ పడినప్పుడు విరిగిపోతాయి. హోమ్ ఎడిషన్‌కి అయితే అసలు బయటనుంచి కనెక్ట్ అవ్వడమే కుదరదు.

చోటు ఉండి కూడా ఎక్కువగా వచ్చే గొడవ డిస్‌కనెక్టెడ్ సెషన్లు. స్టాఫ్ సాయంత్రం ఇంటికెళ్తూ పైన ఇంటూ మార్క్ నొక్కుతారు, సాఫ్ట్‌వేర్ మూసేశాం అనుకుంటారు, సర్వర్‌లో అది నడుస్తూనే ఉంటుంది, మెమరీ తింటుంది, ఫైల్ పట్టుకుని ఉంటుంది, పొద్దున ఇంకొకరు తెరిస్తే ఆల్రెడీ ఇన్ యూజ్ అంటుంది. సర్వర్‌లో కమాండ్ ప్రాంప్ట్‌లో క్వెరీ యూజర్ అని కొడితే ఎవరు యాక్టివ్, ఎవరు డిస్క్ (అంటే డిస్‌కనెక్టెడ్) అని లిస్టు, పక్కన ఐడీ నంబరు వస్తుంది. లాగాఫ్ అని కొట్టి ఆ నంబరు ఇస్తే ఆ సెషన్ పోద్ది. కానీ దాంతోపాటు సేవ్ చెయ్యని ఎంట్రీ కూడా పోద్ది, అందుకని ఆ మనిషికి ఫోన్ చేసి అడిగి మరీ తీయండి. విండోస్‌లో అడ్మిన్ రూల్స్ పెట్టే గ్రూప్ పాలసీలో డిస్‌కనెక్ట్ అయిన సెషన్ రెండు మూడు గంటల తర్వాత దానంతటదే ముగిసేలా పెట్టొచ్చు. జిఎస్‌టిఆర్-1కి 11, 3బికి 20, మార్చి 31, ఈ రోజుల్లో అందరూ ఒకేసారి ఎక్కుతారు కాబట్టి ముందురోజు రాత్రే పాత సెషన్లు తీసేసి సి డ్రైవ్‌లో ఖాళీ ఎంతుందో చూసుకోవడం మంచిది.

కనెక్ట్ అవుతుంది, మధ్యలో కట్ అవుతుంది

రెండు కమాండ్ విండోలు తెరవండి. ఒకదాంట్లో మీ ఇంటి రౌటర్ ఐపికి, రెండోదాంట్లో గూగుల్ వాళ్ళ 8.8.8.8 కి పింగ్ హైఫన్ టి పెట్టి వదిలేసి పని చేసుకోండి. కట్ అయినప్పుడు రెండూ చూడండి. రౌటర్‌కే రిక్వెస్ట్ టైమ్‌డ్ అవుట్ వస్తే మీ వైఫై సంగతే, కేబుల్ పెట్టండి, లేకపోతే 5 గిగాహెర్ట్జ్‌కి మారి రౌటర్‌కి దగ్గరగా కూర్చోండి. రౌటర్ బాగానే ఉండి 8.8.8.8 పోతే ఇంటర్నెట్ లైన్, ఆ విండో ఫోటో తీసి వాళ్ళకి పంపండి. రెండూ బాగానే ఉన్నా కట్ అయితే అటు ఆఫీసు వైపు చూడాలి. సర్వర్‌లో ఈవెంట్ వ్యూయర్‌లో టెర్మినల్ సర్వీసెస్ లోకల్ సెషన్ మేనేజర్ కింద 21 అంటే లాగిన్, 24 డిస్‌కనెక్ట్, 25 మళ్ళీ కనెక్ట్, టైములతో సహా ఉంటాయి. ఒకే టైంలో అందరికీ 24 పడితే ఆఫీసు లైన్ పోయింది, ఒక్కరికే పడితే వాళ్ళది.

స్క్రీన్ ఉన్నట్టుండి బిగుసుకుపోయి కాసేపటికి తిరిగొస్తుంటే యుడిపి, అంటే చేరిందో లేదో చూసుకోకుండా ప్యాకెట్లు పంపే పద్ధతి, మీద అనుమానం పెట్టండి, గ్రూప్ పాలసీలో టర్న్ ఆఫ్ యుడిపి ఆన్ క్లయింట్ అని ఉంటుంది, అది ఎనేబుల్ చేసి ఒకరోజు చూడండి. లాగిన్ దాకా వచ్చి అక్కడే వేలాడుతుంటే ఎంటియు, అంటే లైన్‌లో ఒక ప్యాకెట్ ఎంత పెద్దది పట్టుద్దనే హద్దు, కావొచ్చు, యూజర్ నేమ్ పాస్‌వర్డ్ పెట్టి కనెక్ట్ అయ్యే పిపిపిఓఇ లైన్లలో అది 1500 కాదు, 1492. పింగ్ హైఫన్ ఎఫ్ హైఫన్ ఎల్ 1464, చివర 8.8.8.8 కొట్టి చూడండి, ప్యాకెట్ నీడ్స్ టు బి ఫ్రాగ్మెంటెడ్ అంటే ఆ సైజు కూడా పట్టట్లేదు, తగ్గించుకుంటూ పోయి ఎక్కడ వెళ్తుందో చూసి, దానికి 28 కలిపితే వచ్చేదే మీ ఎంటియు. విపిఎన్‌లో అంతకంటే తక్కువ పెట్టాలి.

ఇంకా తేలకపోతే

సపోర్ట్ వాళ్ళకి "రావట్లేదు సార్, అర్జెంట్" అని పెడితే వాళ్ళు మళ్ళీ మొదటి నుంచి అడగాల్సిందే. ఇలా పెట్టండి: "సార్, గుంటూరు బ్రాంచి, ఇద్దరికి రావట్లేదు, ముగ్గురికి వస్తుంది. పొద్దున 10.20 నుంచి. ఎర్రర్ ఫోటో పెట్టాను. హాట్‌స్పాట్‌లో వస్తుంది, ఆఫీసు వైఫైలో రాదు. పోర్టు టెస్ట్ 443 ఫాల్స్. నిన్న సాయంత్రం రౌటర్ మార్చారు." ఈ నాలుగు ముక్కలు చదివితే ఎదుటివాళ్ళు నేరుగా రౌటర్ దగ్గరకే వెళ్తారు. దాంతోపాటు యూజర్ నేమ్ పంపొచ్చు, పాస్‌వర్డ్ మాత్రం ఎవరడిగినా వాట్సాప్‌లో పెట్టొద్దు, సర్వర్ అడ్మిన్‌కి మీ పాస్‌వర్డ్‌తో పని ఉండదు, కావాలంటే ఆయనే కొత్తది పెట్టి ఇస్తాడు.